లాభం, రెండు, మూడు

ఒకటి అనం మేము.
కుంచం మొదటిసారి వంచినప్పుడు లాభం అంటం.
లాభం, రెండు, మూడు.
ఐదేండ్లు దేవరకొండ లెవీ గోదాంల
నా నోట ఇదే మాట.
ఎవరికి లాభమని ఒక్కనాడు అడగలె.
కొలిచేటోడు అడుగుతడా?

శిగ పెట్టి కొలువుమన్నడు గిర్దావరు.
కుంచం మీద జొన్నలు గుట్టలెక్క లేవాలె,
కారిపోయేటియి కారిపోయి
ఇంకో గింజ నిలవదన్నప్పుడే లెక్క.
ఆ శిగల ఒక ఇంటికి వారం రోజుల గటక ఉంటదని
చేతులకు తెలుసు.
నోటికి చెప్పలె.

పోలీస్ యాక్షన్‌కు ముందటేడు.
దినాం ఏదో ఒక ఊరు కాలిన వాసన
డిండి వాగు దాటి వస్తుండె.
పగిడిమర్రి పంతులును పట్టుకపోయిన్రు,
ఆయన సందుగ తెచ్చి గోదాంల పడేసిన్రు
జప్తు మాలు అని సుద్దముక్కతోని రాసి.
ఎలుకలు దూరినయని దులుపుతే
అడుగున ఒక నవల.
అట్ట లేదు, ముందు ఇరవై పేజీలు లేవు.

కిరసనాయిలు దొరకని కాలం.
ఆముదం దీపం కింద ఒక్కో అక్షరం కూడబలుక్కున్న,
నాకొచ్చిన చదువు గోనెసంచుల మీద పేర్లు రాసేటంత.
మంచు దేశమట.
ఆముదం చేను మీద ఉప్పు గుమ్మరించినట్టేమో అనుకున్న.
యుద్ధమట. ఏటి మీద వంతెన,
వంతెనకాడ సుంకం తీసుకునే ముసలామె.
ఆమె పేరుకు నా నోరు తిరగలె,
వంతెనక్క అని పెట్టుకున్న.
దాటినోళ్లను దాటినట్టు ఆమె రాయాలె,
ఆ లెక్క సిపాయిలకు పోవాలె,
ఆ లెక్క పట్టుకొని సిపాయిలు ఇండ్లకు పోవాలె.
పండుకునే ముందు వేళ్లకంటిన సిరా కడుక్కుంటది, పోదు.
ఆడ ఆగి
నా చేతులు చూసుకున్న.
జొన్నదుమ్ము.

పద్దెనిమిది రాత్రులు పట్టింది.
ఒక రాత్రి ఆమె లెక్కల పుస్తకం మూసి
దీపం ఆర్పి
వంతెన మీది అడుగుల చప్పుడు వినుకుంట కూసుంటది.
ఎంతమంది దాటిన్రో
నవల రాసినాయన గూడ రాయలె.
తెల్లారి సిపాయిలడుగుతే
నిద్రపట్టింది, అంటది.
అంతే.
ఇంత చిన్న అబద్ధానికి
బస్తాల నడుమ, మొఖానికి గోనె అడ్డం పెట్టుకొని
ఏడ్చిన.
ఆ తర్వాతి పేజీలు ఎలుకలు తిన్నయి.

మూడోనాడు నేరేడుగొమ్ము బండ్లొచ్చినయి.
ముందు బండి చింతల సాలమ్మది,
మొగన్ని పట్టుకపోయిన్రు, సంకల పిల్ల.
కుంచం నింపిన.
శిగ లేవకముందే అరచెయ్యి అడ్డం గుంజి
తలకొట్టిన.
మిగిలిన జొన్నలు ఆమె సంచిలనే పడ్డయి,
చిటచిట, తుంపర లెక్క.
లాభం, అన్న.
ఆమె నా దిక్కు చూసింది.
ఏడు బండ్లు అట్లనే కొలిచిన.
శిగ ఏదిరా మట్టయ్యా, అన్నడు గిర్దావరు.
నిద్రపట్టింది సాబ్, అన్న.
పట్టపగలు పన్నెండు గొట్టంగ.

ఎడమచేతి వేళ్లు రెండు ఇప్పటికీ ముడుచుకోవు.
గొప్ప చెప్పుకోను.
తెల్లారి ఇంకోన్ని పెట్టి శిగతోనే కొలిపిచ్చిన్రు.

పంతులు బతికొచ్చిండు, ముందు పండ్లు లేకుంట.
పుస్తకం చేతిల పెట్టి అడిగిన,
వంతెనక్కను ఏం చేసిన్రు ఆఖరికి?
ఎలుకలు కొరికిన అంచు నిమిరి నిమిరి
నేనూ ఆడిదాకనే చదివిన మట్టయ్యా, అన్నడు.
ఆ రాత్రే వచ్చిన్రు.
ఇద్దరం శానాసేపు కూసున్నం.

ఇప్పుడు బస్టాండుకాడ పల్లీలమ్ముత.
సొట్టపోయిన చిన్న మానిక.
శిగ పెట్టి పోస్త, కారేదాక పోస్త.
తాతకు లెక్క రాదని పోరగాండ్లు నవ్వుతరు.
ఒకటి అనను ఇప్పటికీ.
వాళ్ల దోసిట్ల వంచుకుంట
లాభం, అంట.